రామబ్రహ్మం వారసులకు రోజుకో ఆట ఇవ్వండి

చిన్న సినిమా తలరాత షూటింగులో తేలదు, థియేటర్ దగ్గర తేలుతుంది. విజయవాడ గాంధీనగర్‌లో ఒక డిస్ట్రిబ్యూషన్ ఆఫీసుకి రిప్రజెంటేటివ్‌గా పనిచేసి, ఉయ్యూరు, పామర్రు, గుడివాడ, అవనిగడ్డ సెంటర్లలో ఫిల్ము రీళ్ల బాక్సు వెంట తిరిగినవాణ్ని కాబట్టి ఈ మాట అంటున్నాను. బస్సు టాపు మీద నుంచి బాక్సు దించుకోవడం, బుకింగులో టికెట్ల నంబర్లు రాసుకోవడం, ఆట మొదలయ్యాక హాల్లోకెళ్లి తలకాయలు లెక్కపెట్టడం, రాత్రికి ఆ రోజు వసూళ్ల లెక్క, అంటే డీసీఆర్ మీద మేనేజరు చేత సంతకం పెట్టించి షేరు డబ్బు తెల్లారేసరికి ఆఫీసులో కట్టడం, ఇదీ నా ఉద్యోగం. ఆ పనిలో బాగా తెలిసొచ్చేది ఒకటుంది. జనం వద్దనుకున్న సినిమా వేరు, జనం దాకా రానే రాని సినిమా వేరు. ఆఫీసు లెక్కల పుస్తకంలో రెండూ ఫ్లాపు కిందే పడతాయి.

ఈమధ్య మా కంకిపాడు పక్క ఊరి కుర్రాడొకడు ఇంటికొచ్చాడు. కౌలు రైతు మీద సినిమా తీశాడు. హీరో వాళ్ల పెదనాన్నే. ఎడిటింగ్ కూడా అయిపోయింది. "బాబాయ్, కృష్ణాలో రెండు థియేటర్లు ఇప్పించగలవా, ఒక్క వారం చాలు" అని అడిగాడు. ఈ సినిమా తీయాలన్న ఆలోచన ఎక్కడిదిరా అంటే, ల్యాప్‌టాప్‌లో ఒక ఇటలీ సినిమా పెట్టి చూపించాడు. ఎర్మన్నో ఓల్మి తీసిన 'ది ట్రీ ఆఫ్ వుడెన్ క్లాగ్స్'. మూడు గంటల సినిమా. ఇద్దరం కదలకుండా చూశాం.

ఓల్మి గురించి ఆ తర్వాత నేనూ చదివాను. బెర్గమోలో 1931లో పుట్టాడు. ఎడిసన్‌వోల్టా అనే కరెంటు కంపెనీలో ఉద్యోగంలో చేరి, ఆ కంపెనీ కోసమే డాక్యుమెంటరీలు తీస్తూ కెమెరా పని నేర్చుకున్నాడు. ఆల్ప్స్ కొండల్లో ఆనకట్ట కావలివాళ్ల మీద కంపెనీ కోసం మొదలుపెట్టిన చిత్రమే పెరిగి పెరిగి 1959లో అతని తొలి కథాచిత్రం అయింది. 1961లో 'ఇల్ పోస్తో' తీశాడు. గుమాస్తా ఉద్యోగం కోసం పట్నం వచ్చిన పల్లెటూరి పిల్లాడి కథ అది. ఇక 1978లో ఈ కొయ్యచెప్పుల సినిమా. అందులో ఉన్నది బెర్గమో పల్లెల రైతులే. వాళ్ల యాసలోనే మాట్లాడారు. కథ రాసింది, దర్శకత్వం చేసింది, కెమెరా పట్టింది, ఎడిటింగ్ చేసింది అన్నీ ఓల్మియే. కేన్స్‌లో అత్యున్నత బహుమతి పామ్ డోర్ దానికే ఇచ్చారు.

కథ మన డెల్టాలో ఎవరికి చెప్పినా ఇట్టే అర్థమవుతుంది. నాలుగైదు కుటుంబాలు ఒకే లోగిలిలో ఉంటూ దొర భూమి చేస్తుంటాయి. పంటలో మూడింట రెండు పాళ్లు దొరకి కొలవాలి. ఒక రైతు కొడుకు మైళ్లు నడిచి బడికి వెళ్తుంటాడు. చెప్పు విరిగిపోతుంది. తండ్రి రాత్రిపూట దొర గట్టు మీది చెట్టు ఒకటి కొట్టి, దాంతో చెప్పు చెక్కుతాడు. సంగతి బయటపడుతుంది. సామాను బండికెత్తుకుని ఊరు విడిచి పోవాల్సి వస్తుంది. అంతే కథ. మిగిలిన సినిమా అంతా వాళ్లు చేసే పనే. కంకులు ఒలవడం, పంది కోయడం, బట్టలుతకడం, రాత్రి కొట్టంలో కూర్చుని కథలు చెప్పుకోవడం.

సినిమా అయ్యాక కుర్రాడు "ఇదంతా ఇటలీలో కుదురుతుంది బాబాయ్, మనకెక్కడ" అన్నాడు. ఆ మాట నాకు కష్టం కలిగించింది. వాడి తప్పేం లేదు, వాడికి చెప్పినవాళ్లు లేరు. ఓల్మి సినిమాకి సరిగ్గా 40 ఏళ్ల ముందే, 1938లో, మన కృష్ణా జిల్లావాడు అంతకంటే సాహసం చేశాడు. ఆయన గూడవల్లి రామబ్రహ్మం.

నందమూరులో 1902లో పుట్టాడు. జాతీయోద్యమం పిలుపుతో చదువు వదిలి, పత్రికల్లోకి వచ్చి, మద్రాసులో 'ప్రజామిత్ర' నడిపాడు. మద్రాసులో వేల్ పిక్చర్స్ స్టూడియో పెట్టినప్పుడు అందులో ప్రొడక్షన్ పనులు చూశాడు. తెలుగు టాకీ అంటే పురాణమే అనుకునే రోజులవి. రామాయణమో, భాగవతమో, లేకపోతే నాటక సమాజం ఆడిన నాటకమో తెర మీదకొచ్చేది. అలాంటి రోజుల్లో సారథీ ఫిలింస్ అనే సంస్థని నిలబెట్టి, మొదటి సినిమాగా 'మాలపిల్ల' తీశాడు. గుడి పూజారి కొడుకు, మాలపల్లె అమ్మాయి ప్రేమించుకునే కథ. కథ చలానిది, మాటలు తాపీ ధర్మారావువి. వీధిలో మాట్లాడే తెలుగు తెర మీద అంత నిండుగా వినపడ్డం అదే మొదలు. పాటల్లో బసవరాజు అప్పారావువి ఉన్నాయి. ఆయన మన పటమటలో పుట్టినవాడు, అప్పటికి పోయి ఐదేళ్లయింది. కాంచనమాల, గోవిందరాజుల సుబ్బారావు నటించారు.

ఆ రోజుల్లో అది ఎంత పెద్ద మాటో ఇప్పటివాళ్లకి చెప్పాలి. మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశానికి చట్టం వచ్చింది 1939లో. సినిమా దానికి ఏడాది ముందే వచ్చింది. హాల్లో నేల, బెంచీ, కుర్చీ అన్నీ ఒకే కప్పు కింద ఉండేవి కాబట్టి గుడిలోకి రానివ్వని మనుషులూ, రానివ్వని పెద్దలూ ఒకే చీకట్లో కూర్చుని ఆ కథ చూశారు. బ్రాహ్మణులకి టికెట్ అక్కర్లేదు, ఉచితంగా చూడొచ్చని ప్రకటన ఇచ్చారని మా ట్రేడ్‌లో పెద్దవాళ్లు చెప్పేవారు. గొడవని దాచిపెట్టకుండా దాన్నే ముందు పెట్టి సినిమా ఆడించిన తీరు అది. సినిమా బాగా ఆడింది కూడా.

మరుసటి ఏడాది 1939లో 'రైతుబిడ్డ'. నా దృష్టిలో తెలుగు స్వతంత్ర సినిమాకి తలమానికం ఇదే. అప్పులో చిక్కుకున్న రైతు, అతని చుట్టూ షావుకారు, జమీందారు మనుషులు, మధ్యలో ఎన్నికలు. జమీందారు నిలబెట్టిన మనిషికి కాకుండా రైతుల మనిషికి ఓటు వేసినందుకు ఆ కుటుంబం పడే బాధలు. రైతు వేషం వేసింది బళ్లారి రాఘవ, అంటే నాటకరంగంలో అప్పటికే మహానటుడు. మన అంగలూరు త్రిపురనేని గోపీచంద్ రచనలో చేయివేశాడు. కొసరాజు పాటలు రాశాడు, వేషమూ కట్టాడు. టంగుటూరి సూర్యకుమారి చిన్న వయసులో పాడి నటించింది. ఎన్నికల మాట ఊహలోంచి పుట్టింది కాదు. అంతకు రెండేళ్ల కింద, 1937లో, రాష్ట్ర ప్రధానిగా చేసిన బొబ్బిలి రాజా వి.వి. గిరి చేతిలో ఓడిపోయాడు. ప్రకాశం పంతులు అధ్యక్షతన జమీందారీ విచారణ సంఘం ఊరూరా రైతుల గోడు విని 1938లో నివేదిక ఇచ్చింది. ఆ వేడి చల్లారకముందే సినిమా వచ్చింది.

ఇక్కడ ఒక విశేషం ఉంది. సారథీ ఫిలింస్‌కి డబ్బు పెట్టింది చల్లపల్లి జమీందారు యార్లగడ్డ శివరామప్రసాద్. జమీందారీ మీద సినిమాకి పెట్టుబడి జమీందారుదే! ఆయనకీ బొబ్బిలివారికీ ఉన్న రాజకీయ వైరం అందుకు ఒక కారణం అంటారు. తర్వాతి పదేళ్లలో అదే చల్లపల్లి ఎస్టేటులో రైతులు భూమి కోసం పోరాడారు. అయినా నేను ఇందులో తప్పు పట్టను. డబ్బు ఎవరిదైనా కథలో ఒక్క అక్షరం వంచకుండా తీశాడు రామబ్రహ్మం. స్వతంత్రం అంటే నాకు తెలిసిన అర్థం అదే. సొంత డబ్బుతో తీసి ఎవరికో నచ్చేలా వంగిపోయే సినిమాలు మా ఆఫీసుకి బోలెడు వచ్చేవి.

బొబ్బిలి, వెంకటగిరి జమీందారులు ఊరుకోలేదు. సినిమా మీద ఒత్తిడి తెచ్చారు, కొన్నిచోట్ల ప్రదర్శన ఆపించారు. అంటే 1939లోనే, చిన్న సినిమాని చంపాలంటే తీయకుండా ఆపక్కర్లేదు, ఆడకుండా ఆపితే చాలని తెలిసిపోయింది. ఇటలీలోనూ అంతే. దర్శకుడు దె సికా 'ఉంబెర్తో డి' తీసినప్పుడు, 1952లో, అక్కడి ప్రభుత్వంలో అండర్ సెక్రటరీ ఆంద్రెయోత్తి దేశం పరువు తీస్తున్నావంటూ పత్రికలో బహిరంగ లేఖ రాశాడు. ఆ దె సికాయే తను తీయాలనుకున్న సినిమాల డబ్బు కోసం ఇతరుల వ్యాపార చిత్రాల్లో వేషాలు వేసేవాడు.

రామబ్రహ్మం కూడా ఆ తర్వాత అలాగే దారి చూసుకున్నాడు. 'ఇల్లాలు', 'అపవాదు', 'పత్ని', 'పంతులమ్మ', 1945లో జానపదం 'మాయాలోకం'. యుద్ధకాలంలో ముడిఫిల్ము మీద ఆంక్షలు వచ్చాయి, నిడివికి హద్దు పెట్టారు. ఆ సినిమాల్లో మంచివి ఉన్నాయి గానీ మొదటి రెండిటి ధాటి వాటికి లేదని నా అభిప్రాయం. 'పల్నాటి యుద్ధం' మొదలుపెట్టి జబ్బుపడ్డాడు. 1946 అక్టోబరు 1న పోయాడు. 44 ఏళ్లు. మిగిలిన సినిమా ఎల్.వి. ప్రసాద్ పూర్తి చేస్తే 1947లో విడుదలైంది. 'పత్ని'లో హీరోగా వేసిన కె.ఎస్. ప్రకాశరావు మా కంకిపాడు మండలం కోలవెన్నువాడే. తర్వాత నిర్మాతై, దర్శకుడై, 'బాలానందం' పేరుతో పిల్లల చిత్రాలు కూడా తీశాడు. 'ప్రేమ్‌నగర్' దర్శకుడని అందరికీ తెలుసు. పిల్లల కోసం తీసిన సంగతి కోలవెన్నులోనే ఎంతమందికి తెలుసో!

ఇలాంటి మనుషులు ఇక్కడ ఎందుకు పుట్టారంటే, కృష్ణ మీద 1855లో ఆనకట్ట పూర్తయ్యాక కాలవల కింద పండిన వరి డబ్బు రైసు మిల్లుల్లోకీ, పత్రికల్లోకీ, నాటకాల్లోకీ, చివరికి సినిమాలోకీ పారింది. ఆంధ్రప్రాంతంలో మొదటి శాశ్వత సినిమా హాలు మారుతీ 1921లో బెజవాడలోనే కట్టారు. డిస్ట్రిబ్యూషన్ ఆఫీసులూ ఇక్కడే పెరిగాయి. మినిమమ్ గ్యారంటీలు, అడ్వాన్సులు, ఏరియా బేరాలు అన్నీ గాంధీనగర్ వీధుల్లోనే. ఒకే నీరు అటు 'రైతుబిడ్డ' పొలానికీ పారింది, ఇటు ఆ పొలాన్ని మింగిన వ్యాపారానికీ పారింది. నేను ఆ వ్యాపారం ఉప్పు తిన్నవాణ్ని. దాన్ని తిట్టడానికి రాయడం లేదు. దాని లెక్క తెలుసు కాబట్టి రాస్తున్నాను.

రామబ్రహ్మం తర్వాత ఆ దారి ఆగిపోలేదు. తెలంగాణలో బి. నర్సింగరావు 'మా భూమి'కి నిర్మాత, 1988లో 'దాసి' తీస్తే ఐదు జాతీయ అవార్డులు వచ్చాయి. అర్చన ఉత్తమ నటి. తోట వైకుంఠం కళాదర్శకుడిగా బహుమతి అందుకున్నాడు. మన కొల్లేటి గట్టు మనిషి అక్కినేని కుటుంబరావు వీధిపిల్లల మీద 'భద్రం కొడుకో' తీశాడు, జాతీయ అవార్డు వచ్చింది. కొల్లేరు మీద 'కొల్లేటి జాడలు' నవల రాసిందీ ఆయనే. రజనీష్ దోమలపల్లి కొలంబియా విశ్వవిద్యాలయంలో చదువులో భాగంగా తీసిన 'వనజ' 2007లో బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ తొలి చిత్రం బహుమతి తెచ్చుకుంది. నేను పనిచేసిన ఆఫీసుకి ఈ సినిమాల్లో ఒక్కదాని బాక్సు కూడా రాలేదు. ఉయ్యూరు ప్రేక్షకుడు 'దాసి'ని వద్దన్నాడని చెప్పడానికి నా దగ్గర ఒక్క డీసీఆర్ లేదు. చూపించి ఉంటే కదా!

ఆ రోజుల్లో ఒక్క దూరదర్శన్ ఆ పని చేసింది. ఆదివారం మధ్యాహ్నం అవార్డు సినిమాలు వేసేది. మలయాళం, బెంగాలీ, కన్నడ సినిమాలు, కింద ఇంగ్లీషు అక్షరాలు. ఆ అక్షరాలు చదవలేనివాళ్లు కూడా మా వీధిలో కూర్చుని చూసేవారు. ఓల్మి కొయ్యచెప్పుల సినిమాకి డబ్బు పెట్టింది కూడా ఇటలీ ప్రభుత్వ టీవీ సంస్థ రాయ్. దర్శకుడి పట్టుదల ఒక్కటే ఆ సినిమాని కేన్స్ దాకా తీసుకెళ్లలేదు. వెనక ఒక ప్రజాసంస్థ నిలబడింది. మన పిల్లలు ఓల్మిని తలుచుకునేటప్పుడు ఆ సంగతి కూడా తలుచుకోవాలి.

తెర దొరికితే ఏమవుతుందో 2018లో చూశాం. వెంకటేష్ మహా 'కేరాఫ్ కంచరపాలెం' తీశాడు. విశాఖలో ఆ పేట మనుషులే నటులు. నిర్మాత పరుచూరి ప్రవీణ అమెరికాలో గుండె డాక్టరు. స్టారు లేడు, ఫైటు లేదు. సురేష్ ప్రొడక్షన్స్ ఆ సినిమాని తీసుకుని సెప్టెంబరు 7న విడుదల చేసింది. జనం వచ్చారు, చూశారు, ఇంకొకరికి చెప్పారు. ఆ సినిమా గొప్పది, అందులో సందేహం లేదు. కానీ హాళ్లు చేతిలో ఉన్న సంస్థ ముందుకు రాకపోతే ఆ గొప్పతనం ల్యాప్‌టాప్‌లోనే ఉండిపోయేది. అలా ఉండిపోయిన సినిమాలు ఎన్నో ఎవరు చెప్పగలరు?

ఇప్పుడు పరిస్థితి నా రోజులకంటే గట్టిపడింది. బాక్సులు పోయాయి, అంతా డిజిటల్. ప్రింటు ఖర్చు తగ్గిందనుకుంటే ఆ స్థానంలో సినిమా వేసే కంపెనీలకి వారం వారం ఫీజు కట్టాలి. దాని మీదే 2018 మార్చిలో దక్షిణాది నిర్మాతలు కొత్త విడుదలలు ఆపేశారు. థియేటర్లు చాలావరకు లీజుల్లో ఉన్నాయి. లీజుదారు చేతిలో పెద్ద సినిమా ఉన్నప్పుడు చిన్న సినిమాకి మిగిలేది పొద్దున 11 గంటల ఆట, అదీ సోమవారం దాకా. కూలికీ ఉద్యోగానికీ పోయేవాడు 11 గంటలకి సినిమాకి ఎలా వస్తాడు? పైగా చిన్న నిర్మాత అద్దె ముందే కట్టాలి. 2025 మేలో ఎగ్జిబిటర్లే అద్దె పద్ధతి మాకొద్దు, పర్సంటేజీ ఇవ్వండి, లేకపోతే జూన్ 1 నుంచి హాళ్లు మూస్తామన్నారు. వాళ్ల బాధ నిజమే. సింగిల్ స్క్రీన్ నడపడం ఎంత కష్టమో నేను కళ్లారా చూశాను. ఒక్కొక్కటే కల్యాణ మండపాలూ గోడౌన్లూ అయిపోతుంటే మా జిల్లాలో బాధపడని సినిమా మనిషి లేడు. కానీ ఆ చర్చ అంతా పెద్ద సినిమా చుట్టూనే తిరిగింది. చిన్న సినిమా సంగతి ఎవరూ ఎత్తలేదు.

కొత్త చట్టం కావాలని నేను అడగడం లేదు. రాష్ట్ర ప్రభుత్వం 2022 మార్చి 7న టికెట్ రేట్ల మీద ఇచ్చిన జీవో 13లోనే ఆ మాట ఉంది. రోజుకి ఐదు ఆటలు వేసుకోవచ్చు, అందులో ఒకటి 20 కోట్ల లోపు బడ్జెట్ సినిమాకి ఇవ్వాలి, అదీ ఉదయం 11 నుంచి రాత్రి 9 లోపు. కాగితం మీద ఇంత మంచి మాట రాసి, హాలు దగ్గర ఎవరూ అడగకపోతే ఏం లాభం? పెద్ద హీరో సినిమాకి టికెట్ పెంచుకోవడానికి, తెల్లవారుజామున ఆటలు వేసుకోవడానికి అనుమతి కోసం నిర్మాతలు అమరావతికి వెళ్తారు. ప్రభుత్వం ఇస్తుంది కూడా. ఇవ్వనివ్వండి. ఆ అనుమతి ఇచ్చే మెమోలోనే ఒక వాక్యం చేర్చాలి. పెంచిన రేటుతో ఆ సినిమా ఆడినన్నాళ్లూ అదే హాల్లో ఫస్ట్ షో గానీ మ్యాట్నీ గానీ ఒకటి చిన్న సినిమాకి ఉండాలని. 20 కోట్లు కూడా నాకు ఎక్కువే అనిపిస్తుంది. మా పక్క ఊరి కుర్రాడి సినిమా ఖర్చు ఒక మంచి ట్రాక్టరంత. వాణ్ని 19 కోట్ల సినిమాతో ఒకే వరుసలో నిలబెడితే మళ్లీ వెనక్కే నెడతారు. రెండు కోట్ల లోపు వాటికి విడిగా కొన్ని ఆటలు ఉండాలి.

ఖాళీ హాలుకి కరెంటు బిల్లు ఎవరు కడతారని ఎగ్జిబిటరు అడుగుతాడు. అడగాలి కూడా. 100 రూపాయల లోపు టికెట్ మీద జీఎస్టీ 2025 సెప్టెంబరులో 12 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది. ఆ ఆటకి మిగిలిన పన్నులో రాష్ట్రం వాటా థియేటరుకే తిరిగి ఇచ్చేయొచ్చు. ఆ ఆట మటుకు అద్దె లేకుండా పర్సంటేజీ మీదే నడపాలి, ఎగ్జిబిటర్లు కోరేది అదే కదా. దూరదర్శన్ సప్తగిరి ఆదివారం మధ్యాహ్నం తెలుగు చిన్న సినిమాలకి ఇస్తే, హాల్లో ఆడిన వారం తర్వాత అక్కడా వేయొచ్చు, నిర్మాతకి నాలుగు డబ్బులు వస్తాయి. ఇక చూసేవాళ్ల సంగతి. కంకిపాడు చుట్టుపక్కల కౌలుకి చేసే రైతులు ఎందరో ఉన్నారు. 2019లో చట్టం చేసి 11 నెలల పంట సాగు హక్కు కార్డులన్నారు. యజమాని సంతకం పెట్టక ఆ కార్డు అందనివాళ్లు ఊరూరా ఉన్నారు. వాళ్ల కథ తీసిన సినిమా వాళ్లు చూడాలంటే కేన్స్‌కి పోలేరు. ఉయ్యూరు దాకా ఆటోలో రాగలరు.

థియేటర్లకి లైసెన్సు ఇచ్చేది జాయింట్ కలెక్టరు. కాబట్టి ఆ ఒక్క ఆట డీసీఆర్ విడిగా రాయించి, నెలకోసారి ఆయన ఆఫీసుకి పంపమనండి. ఏ హాలు, ఏ సినిమా, ఏ టైము, ఎన్ని టికెట్లు, నాలుగు గళ్లు చాలు. అలా రెండేళ్ల కాగితాలు పోగయ్యాక, ఇలాంటి సినిమాలు జనం చూడరని అన్నవాళ్లతో ఆ కాగితాలు ముందు పెట్టుకుని మాట్లాడటానికి నేను గాంధీనగర్ వస్తాను.